మాయాచిత్రములు తీసిన ఆలీస్ గీ

మూకీచిత్రముల చరిత్ర వ్రాయువారు మాయాచిత్రముల ప్రస్తావన రాగానే ఫ్రెంచివాడైన మెలియెస్‌ను తలచెదరు. అది న్యాయమే. కాని ఆ కాలముననే, ఆ పారిస్ నగరముననే, ఆ విద్యనే సాధించిన ఆలీస్ గీ పేరు మన చదువరులలో నెందరికి దెలియును?

1873లో జన్మించిన యీమె, ఛాయాచిత్ర యంత్రముల వర్తకుడగు లియోన్ గోమాంట్ కడ కార్యదర్శినిగా నుండెను. 1895లో లూమియేర్ సోదరుల కదలుబొమ్మలను జూచిన పిమ్మట, వీనితో కథ చెప్పవచ్చునని యామెకు దోచెను. యజమానిని అడుగగా, ఉత్తరముల పనికి లోపము రానిచో చేసికొమ్మనెను. ఈ వ్యాపార మెంత పెరుగునో నాడే తెలిసినచో తనకు అనుమతి దొరకెడిది కాదని యామెయే స్వీయచరిత్రలో వ్రాసికొన్నది. ఆటవస్తువని తలచినంత కాలమే స్త్రీ చేతికి యంత్రము నిచ్చుట ఒక్క ఫ్రాన్సు దేశపు రీతి కాదని మా యభిప్రాయము.

క్యాబేజీల నడుమనుండి పసిపాపలను దీయు దేవకన్య కథ ఆమె తొలి చిత్రము. బిడ్డలెక్కడనుండి వత్తురని యడిగినపుడు అచ్చటి పెద్దలు చెప్పు కల్ల యది. పిదప మాయలకు బూనుకొనెను. కెమెరా పిడి త్రిప్పుట ఆపి, నటుడు కదలక నిలువగా ప్రక్క వస్తువును మార్చి, మరల పిడి త్రిప్పుదురు. తెరమీద ఆ వ్యవధి కానరాదు. వస్తువు మాత్రము మారిపోవును. 1903 నాటి చిత్రములో నొక పెద్దమనిషి స్నానమునకై బట్టలు విప్పుచుండును. విప్పినకొలది క్రొత్తబట్టలు ఒంటిమీదికి వచ్చుచుండును. ఇట్టి హాస్యమును మెలియెస్ 1900లోనే తీసియుండెను. ఒకరి తలపును మరియొకరు తీసికొనుట నాడు తప్పుగా నెంచబడలేదు.

1906లో నామె యే మాయయు లేకయే లోకమును తలక్రిందులు చేసినది. ఆ చిత్రములో పురుషులు కుట్టుపని చేయుదురు, ఇస్త్రీ చేయుదురు, బిడ్డల నాడింతురు. స్త్రీలు పానశాలలో కూర్చుండి పొగ త్రాగుదురు. తుదకు పురుషులు తిరుగబడుదురు. వారి యవస్థకు నవ్విన ప్రేక్షకుడు ఇంటికి బోయి యెవరి యవస్థను గాంచెనో!

1910లో అమెరికాలో సోలాక్స్ సంస్థను స్థాపించి, 1912లో న్యూజెర్సీ యందు స్టూడియో కట్టించెను. అదియు నిలువలేదు. 1922లో ఫ్రాన్సునకు మరలిన యామెకు పని దొరకలేదు. అంతకన్న నన్యాయ మొకటి జరిగినది. 1906లో నామె తీసిన క్రీస్తు జీవితచిత్రమును చరిత్రకారుడగు సాదూల్, ఆమె సహాయకుడైన జాసే పేర వ్రాసెను. ముదిమిలో నామె తన చిత్రముల జాబితాలు కూర్చి, ఇట్టి తప్పులను దిద్దింప పాటుపడెను. 1968లో మరణించెను. ఆమె స్వీయచరిత్ర 1976లో గాని అచ్చు కాలేదు.