అమెరికాలో రాష్ట్రాల మధ్య తుపాకీతో ప్రయాణం: చట్టాల చరిత్ర

అమెరికా సంయుక్త రాష్ట్రాల్లో తుపాకీని నడుముకు దోపుకునో, కోటు మాటునో, చేతిసంచిలోనో పెట్టుకుని పైకి కనబడకుండా వెంట తీసుకెళ్లడానికి అనుమతి ఇచ్చేది కేంద్ర ప్రభుత్వం కాదు, రాష్ట్రాలు. టెక్సస్ ఇచ్చిన పర్మిట్ టెక్సస్‌లో చెల్లుతుంది. పొరుగు రాష్ట్రంలో చెల్లుతుందా లేదా అన్నది ఆ పొరుగు రాష్ట్రం తేల్చవలసిందే. ఒకచోట ఏ కాగితమూ అక్కర్లేని పని, నది మీది వంతెన దాటగానే జైలుశిక్ష పడే నేరం కావచ్చు. యాభై రాష్ట్రాలకు యాభై రకాల చట్టాలు ఉండటమే ఈ చిక్కుకు మూలమని చాలామంది అంటారు. చరిత్ర చూస్తే అది సగం నిజమే. దారిలో ఉన్న మనిషికి వెసులుబాటు ఇవ్వాలన్న ఆలోచన అక్కడి చట్టాల్లో రెండు వందల ఏళ్ల కిందటే ఉంది. లోపమంతా ఆ వెసులుబాటు ఎప్పుడు అందుతుందన్న దగ్గరే ఉంది. మొదటినుంచీ అది అరెస్టును ఆపే రక్షణగా కాక, అరెస్టయ్యాక జడ్జి ముందు చెప్పుకునే సంజాయిషీగానే పనిచేస్తూ వచ్చింది.

ఆయుధం దాచుకుని తిరగడాన్ని నిషేధించిన తొలి రాష్ట్రాలు కెంటకీ, లూసియానా. రెండూ 1813లోనే చట్టాలు చేశాయి. చిన్న మాటకు కత్తులు, పిస్తోళ్లు బయటికి వచ్చే కాలమది. ఆనాటి వాదన ఏమిటంటే, మర్యాదస్తుడు ఆయుధాన్ని నలుగురికీ కనబడేలా పెట్టుకుంటాడు, దాచుకునేవాడికే దురుద్దేశం ఉంటుంది. లూసియానా సుప్రీం కోర్టు 1850లో, జార్జియా కోర్టు 1846లో ఈ తేడాను ఆమోదించాయి. కెంటకీ కోర్టు మాత్రం 1822లో అక్కడి నిషేధాన్ని కొట్టేసింది. దాంతో ఆ రాష్ట్రం 1850లో తన రాజ్యాంగాన్నే మార్చుకుని, దాచిన ఆయుధాలను నిషేధించే అధికారాన్ని శాసనసభకు ఇచ్చుకుంది.  ఈ నిషేధాలతో పాటే ప్రయాణికుడి మినహాయింపూ పుట్టింది. ఇండియానా 1820లో చేసిన చట్టం ప్రయాణికులకు వర్తించదని అందులోనే రాశారు. ఆర్కాన్సాస్ కూడా ప్రయాణంలో ఉన్నవారిని వదిలేసింది. టెక్సస్ 1871 చట్టం ప్రయాణికులు సామానుతో పాటు ఆయుధం ఉంచుకోవచ్చంది. సొంత ఊళ్లో మనిషికి తెలిసిన ముఖాలు, షెరీఫు, ఇరుగుపొరుగు అండగా ఉంటారు. అడవి దారిలో దొంగలు ఎదురైతే ఎవరూ ఉండరు. అందువల్ల ఆ మినహాయింపు మనిషి ఏ రాష్ట్రం వాడన్నది చూడలేదు, దారిలో ఉన్నాడా లేదా అన్నదే చూసింది.

మినహాయింపు ఉందన్న మాట నిజమే కానీ, తాను ప్రయాణికుణ్ణని రుజువు చేసుకోవలసిన భారం చాలాచోట్ల నిందితుడి మీదే పడింది. టెక్సస్‌లో ఈ తగవు 130 ఏళ్లకు పైగా సాగింది. ఎన్ని మైళ్లు పోతే ప్రయాణం, కౌంటీ సరిహద్దు దాటాలా, రాత్రి బస ఉండాలా, దారిలో పని మీద ఆగితే ప్రయాణికుడి హోదా పోతుందా అని ఒక్కో కేసులో ఒక్కో రకంగా తీర్పులు వచ్చాయి. చివరికి 2005లో శాసనసభ, సొంత వాహనంలో ఉండి, తుపాకీ పైకి కనబడకుండా ఉంచుకుని, మరే నేరమూ చేయని వ్యక్తిని ప్రయాణికుడిగానే భావించాలని చట్టం చేసింది. అయినా కొందరు జిల్లా ప్రాసిక్యూటర్లు మేం కేసులు పెడుతూనే ఉంటాం, మిగతాది కోర్టు చూసుకుంటుందని బాహాటంగానే చెప్పారు. శాసనసభ 2007లో మళ్లీ కూర్చుని, తుపాకీ కలిగి ఉండే అర్హత గల వ్యక్తి దాన్ని సొంత కారులో దాచి ఉంచుకోవడం అసలు నేరమే కాదని తిరగరాసింది. నేరం చేసినా ఫలానా కారణంగా క్షమిస్తామని రాయడానికీ, అది నేరమే కాదని రాయడానికీ మధ్య దూరం టెక్సస్‌కు అప్పుడు తెలిసివచ్చింది. కేంద్ర చట్టం ఇప్పటికీ అక్కడిదాకా రాలేదు.

ఇరవయ్యో శతాబ్దంలో ప్రయాణం స్థానంలో నివాసం వచ్చి కూర్చుంది. న్యూయార్క్ 1911లో తెచ్చిన సలివన్ చట్టం పిస్తోలు ఉంచుకోవడానికే లైసెన్సు తప్పనిసరి చేసింది. లైసెన్సు పద్ధతి పాకేకొద్దీ, మినహాయింపు దారిలో ఉన్న మనిషిని వదిలి కాగితం ఉన్న మనిషికి అంటుకుంది. ఆ కాగితం ఇచ్చేది స్థానిక అధికారి, ఇచ్చేది స్థానికులకు. లైసెన్సు అన్న మాటే ఎరగని రాష్ట్రం ఒక్క వెర్మాంట్. 1903లో అక్కడి సుప్రీం కోర్టు ఒక పట్టణం పెట్టిన అనుమతి నిబంధనను కొట్టేసింది, ఆ తర్వాత ఎవరూ దాని జోలికి పోలేదు. కేంద్రం 1934, 1938లలో చేసిన చట్టాలు మెషిన్‌గన్‌లు, వ్యాపారుల లైసెన్సుల గురించినవి. 1963లో అధ్యక్షుడు కెనడీని తపాలాలో తెప్పించుకున్న రైఫిల్‌తో కాల్చి చంపడం, 1968లో మార్టిన్ లూథర్ కింగ్, రాబర్ట్ కెనడీల హత్యలు 1968 తుపాకీ నియంత్రణ చట్టానికి దారితీశాయి. రాష్ట్రాల మధ్య తుపాకుల అమ్మకాన్ని అది కట్టడి చేసింది. తుపాకీతో రాష్ట్రాలు దాటే సామాన్యుడి గురించి కేంద్రం నోరు విప్పింది మాత్రం 1986లోనే.

ఆ ఏడాది మే 19న అధ్యక్షుడు రీగన్ సంతకం చేసిన తుపాకీ యజమానుల రక్షణ చట్టానికి ఐడహో సెనేటర్ జేమ్స్ మెక్‌క్లూర్, మిస్సోరి ప్రతినిధి హెరాల్డ్ వోల్క్‌మర్ కర్తలు. తుపాకీ చట్టబద్ధంగా ఉంచుకోగల చోటి నుంచి అలాంటి మరో చోటికి పోయేవారు మధ్యలో ఏ రాష్ట్రం మీదుగానైనా దాన్ని తీసుకెళ్లవచ్చని అందులోని ఒక సెక్షన్ చెబుతుంది. షరతులు కఠినం. తుపాకీలో తూటాలు ఉండకూడదు. తుపాకీ గాని, తూటాలు గాని ప్రయాణికుల చేతికి అందే చోట ఉండకూడదు. డిక్కీ విడిగా లేని బండి అయితే తాళం వేసిన పెట్టెలో పెట్టాలి, గ్లవ్ బాక్సు పనికిరాదు. అంటే ఇది ఆత్మరక్షణకు ఇచ్చిన హక్కు కాదు, సామాను రవాణాకు ఇచ్చిన అనుమతి. ఆ కాస్త అనుమతి కూడా నిలబడలేదు. 2005లో యూటా నుంచి పెన్సిల్వేనియా వెళుతున్న ఒక ప్రయాణికుడికి న్యూజెర్సీలోని న్యూఅర్క్‌లో తదుపరి ప్రయాణం తప్పిపోయింది. నిబంధనల ప్రకారం తాళం వేసి విమానంలో పంపిన తుపాకీ పెట్టె అతని చేతికొచ్చింది, రాత్రికి హోటల్లో దిగాడు. మర్నాడు విమానాశ్రయంలో తుపాకీ ఉందని తానే చెప్పగా పోలీసులు అరెస్టు చేశారు. కొన్ని రోజులు జైల్లో ఉన్నాడు, తర్వాత కేసు ఎత్తేశారు. నష్టపరిహారం కోరితే 2010లో మూడో సర్క్యూట్ అప్పీలు కోర్టు, అతని తప్పు లేకుండానే ఇరుక్కున్నాడని ఒప్పుకుంటూనే, రాత్రంతా సామాను అతనికి అందుబాటులో ఉంది కనుక కేంద్ర చట్టం కాపాడదని తేల్చింది. పెట్టె తీసుకోకముందే పోలీసులను ఆశ్రయించి ఉండాల్సిందని సలహా కూడా ఇచ్చింది. అదే ఏడాది న్యూయార్క్ ప్రాంతపు రెండో సర్క్యూట్ కోర్టు, అన్యాయంగా అరెస్టయినా ఈ సెక్షన్ ఆధారంగా పోలీసుల మీద దావా వేసే హక్కు లేదంది. ఉల్లంఘించినవారికి ఏ నష్టమూ లేని చట్టాన్ని రోడ్డు మీద ఎవరు లెక్కచేస్తారు?

ఇలాంటి కేసుల్లో చివరికి శిక్ష పడేది తక్కువే కదా, దీన్ని ఇంత పెద్దది చేయాలా అని అడగవచ్చు. పెన్సిల్వేనియా పర్మిట్ ఉన్న ఒక తల్లి 2013లో న్యూజెర్సీలో కారు ఆపిన పోలీసుకు తన దగ్గర తుపాకీ ఉందని తానే చెప్పింది. అక్కడి చట్టం ప్రకారం మూడేళ్లకు పైగా తప్పనిసరి జైలు ఆమెను భయపెట్టింది. పెద్ద గొడవ జరిగాక ప్రాసిక్యూటర్ వెనక్కి తగ్గాడు, 2015లో గవర్నర్ క్రిస్ క్రిస్టీ క్షమాభిక్ష ఇచ్చారు. న్యాయం జరిగిందనుకోవచ్చు. కాని ఆ న్యాయం పత్రికల్లో పేరుకెక్కినందుకు దొరికింది. అరెస్టు, బెయిలు, వకీలు ఫీజు, పోయిన ఉద్యోగం ఏ క్షమాభిక్షతోనూ తిరిగి రావు.

కేంద్ర చట్టం కాక ప్రయాణికుడికి ఉన్న రెండో దారి, ఒకరి పర్మిట్లను ఒకరు ఒప్పుకునేలా రాష్ట్రాలు తమలో తాము చేసుకునే పరస్పర గుర్తింపు ఒప్పందాలు. ఫ్లోరిడా 1987లో అర్హత ఉన్నవారందరికీ పర్మిట్ ఇవ్వాలని చట్టం చేశాక ఇలాంటి చట్టాలు వరుస కట్టాయి. వాటి వెంటే ఈ ఒప్పందాలూ పెరిగాయి. వాటి ఆయువు ఎంతో వర్జీనియా చూపించింది. 2015 డిసెంబరులో అక్కడి అటార్నీ జనరల్ మార్క్ హెరింగ్ 25 రాష్ట్రాల పర్మిట్లకు గుర్తింపు ఎత్తేస్తున్నట్టు ప్రకటించారు. కొద్ది వారాలకే గవర్నర్, శాసనసభ రాజీకొచ్చి దాన్ని రద్దు చేశారు. పెన్సిల్వేనియా 2013లో తన పౌరులు ఫ్లోరిడా నుంచి తెచ్చుకునే పర్మిట్లకు తలుపు మూసింది. ఇల్లినాయిస్ ఇంకో పద్ధతి పెట్టింది. బయటి రాష్ట్రం వ్యక్తి కారులో ఉన్నంతసేపూ తుపాకీ ఉంచుకోవచ్చు, దాన్ని పట్టుకుని దిగితేనే నేరం. వీటన్నిటినీ కలిపి చదువుకుని బయలుదేరినవారిని కూడా పట్టుకునే వల ఒకటుంది. బడికి వెయ్యి అడుగుల లోపు తుపాకీని నిషేధించే కేంద్ర చట్టాన్ని సుప్రీం కోర్టు 1995లో కొట్టేస్తే, కాంగ్రెస్ మరుసటేడే మార్పులతో తిరిగి తెచ్చింది. ఆ బడి ఉన్న రాష్ట్రమే ఇచ్చిన లైసెన్సు ఉన్నవారికి అందులో మినహాయింపు ఉంది. పరస్పర గుర్తింపుతో వచ్చినవారు, లైసెన్సు అక్కర్లేని రాష్ట్రంలో లైసెన్సు లేకుండా తిరిగేవారు అక్షరాలా చదివితే అందులో చిక్కుతారు.

దేశమంతటా ఒకే గుర్తింపు ఇవ్వాలన్న బిల్లులు ఇందుకే పుట్టాయి. 2004లో పోలీసులకు, రిటైరైన పోలీసులకు కాంగ్రెస్ ఆ సౌకర్యం ఇచ్చేసింది. సామాన్యుల విషయంలో 2009లో సెనేట్‌లో 58 ఓట్లు వచ్చాయి, 60 కావాలి. ప్రతినిధుల సభ 2011లో 272–154తో, 2017లో 231–198తో ఆమోదించినా సెనేట్ దాటలేదు. డ్రైవింగ్ లైసెన్సు అన్నిచోట్లా చెల్లుతున్నప్పుడు దీనికేం అని సమర్థకులు అడుగుతారు. డ్రైవింగ్ లైసెన్సు చెల్లుతున్నది రాజ్యాంగం వల్ల కాదు, రాష్ట్రాలు తమంతట తాము ఒప్పుకోవడం వల్ల. ఒప్పుకోగలిగింది ప్రతి రాష్ట్రమూ పరీక్ష పెట్టే లైసెన్సు ఇస్తుంది కనుక. తుపాకీ విషయంలో 2024 నాటికి 29 రాష్ట్రాలు పర్మిటే అడగడం లేదు. న్యూజెర్సీ తన పౌరుడికి శిక్షణ పెట్టి, విచారణ చేసి ఇచ్చేదాన్ని అవేమీ లేకుండా వచ్చిన అతిథికి ఇవ్వాలనడం సబబు కాదు. ఈ అభ్యంతరానికి బలముంది. అయితే అది చెప్పేది ఉమ్మడి కనీస ప్రమాణం కావాలని, ప్రయాణికుణ్ణి జైల్లో పెట్టాలని కాదు. శిక్షణ, నేరచరిత్ర పరిశీలన కేంద్రం నిర్దేశించి, అవి తీరినవారి పర్మిట్‌ను అంతటా చెల్లేలా చేయడం రెండు పక్షాల వాదాన్నీ తట్టుకునే దారి. విచిత్రంగా రెండు పక్షాలకూ అది నచ్చదు. ఒకరు కేంద్రం ప్రమాణం పెట్టడమే హక్కుకు భంగమంటారు, మరొకరు గుర్తింపే ప్రమాదమంటారు.

2022 జూన్‌లో బ్రూయెన్ తీర్పుతో ఇక ఈ గొడవ తీరినట్టే అనుకున్నవారున్నారు. ఇంటి బయట తుపాకీ ధరించడం రాజ్యాంగ హక్కేనని, ప్రత్యేక అవసరం చూపించమనే న్యూయార్క్ నిబంధన చెల్లదని సుప్రీం కోర్టు 6–3తో తేల్చింది. తీర్పు లైసెన్సు విధానాన్ని తీసేయలేదు. వారం తిరిగేసరికి న్యూయార్క్ కొత్త చట్టం తెచ్చి టైమ్స్ స్క్వేర్‌తో సహా ఎన్నో చోట్లను నిషిద్ధ స్థలాలుగా ప్రకటించింది. 2025 మార్చిలో మసాచుసెట్స్ సుప్రీం జుడిషియల్ కోర్టు, బయటివారికి లైసెన్సు ఇవ్వడం అధికారి ఇష్టానికి వదిలేసిన పాత పద్ధతి చెల్లదంది, కాని లైసెన్సు తీసుకోమని బయటివారిని అడిగే కొత్త పద్ధతి సరైనదేనంది. ప్రయాణికుడికి దీనివల్ల ఒరిగింది దరఖాస్తు పెట్టుకునే అవకాశం. దారిలో ఐదు రాష్ట్రాలుంటే ఐదు దరఖాస్తులు.

విమానాల్లో నిబంధన మాత్రం దేశమంతటా ఒక్కటే. తూటాలు తీసేసి, గట్టి పెట్టెలో తాళం వేసి, కౌంటరులో చెప్పి, లగేజీలో పంపాలి. అయినా 2023లో తనిఖీ కేంద్రాల్లో చేతి సామానులో 6,737 తుపాకులు దొరికాయి, వాటిలో 93 శాతం తూటాలు నింపినవే. అమెరికాలోని తెలుగువారిలో హెచ్-1బి, ఎఫ్-1 వీసాల మీద ఉన్నవారికి ఈ చరిత్రంతా వర్తించే ముందే మరో గడప అడ్డు వస్తుంది. వలసేతర వీసాపై ప్రవేశించినవారు తుపాకీ గాని, తూటా గాని దగ్గర ఉంచుకోవడాన్ని కేంద్ర చట్టమే నేరంగా నిర్ణయించింది. ఏదైనా రాష్ట్రం ఇచ్చిన వేట లైసెన్సు ఉండటం వంటి కొద్దిపాటి మినహాయింపులే ఉన్నాయి. గ్రీన్‌కార్డు ఉన్నవారికి ఈ నిషేధం లేదు.