ఎయిర్ కోస్టా: నాలుగు విమానాల కథ

సోలాపూర్ హోట్గీ రోడ్ విమానాశ్రయం నుంచి 2025లో మళ్లీ విమానాలు మొదలయ్యాయి. గోవాకు ఫ్లై91 సంస్థ ఏటీఆర్, ముంబైకి స్టార్ ఎయిర్ సంస్థ ఎంబ్రాయర్ విమానాలు నడుపుతున్నాయి. చిమ్నీ పడగొట్టి మరీ తెచ్చుకున్న సౌకర్యం ఇది. ఇది ఎన్నాళ్లు నిలుస్తుందని మన పూర్వ భాగంలో చాలామంది అడుగుతున్నారు. అందుకే ఇదే ఎంబ్రాయర్ కంపెనీ విమానాలతో నడిచి మూతపడిన తెలుగు సంస్థ ఎయిర్ కోస్టా గురించి ఇక్కడ ఇస్తున్నాం.

ప్రారంభం
విజయవాడ కేంద్రంగా ఎల్‌ఈపీఎల్ గ్రూపు ఈ చౌక విమాన సంస్థను స్థాపించింది. 2013 అక్టోబరులో సర్వీసులు మొదలయ్యాయి. పెద్ద నగరాలను చిన్న నగరాలతో కలపడం దీని ఉద్దేశం.

విమానాలు
మొదట వచ్చినవి ఎంబ్రాయర్ ఈ170లు రెండు, ఒక్కోదానిలో 67 సీట్లు. 2014లో ఈ190లు వచ్చి చేరాయి, వాటిలో 112 సీట్లు. రెండింటిలోనూ అటు రెండు, ఇటు రెండు సీట్లే. మధ్య సీటు ఉండదు. మొత్తం బలగం నాలుగు. అన్నీ అద్దెకు తెచ్చినవే.

లెక్క ఎక్కడ మారింది?
80 సీట్ల లోపు విమానాలకు అప్పట్లో ల్యాండింగ్ చార్జీ లేదు. 40,000 కిలోల లోపు బరువున్న విమానాల ఇంధనంపై అమ్మకం పన్ను 4 శాతమే. ఈ170కి ఈ రెండు మినహాయింపులూ దక్కాయి. ఈ190 సీట్లలోనూ బరువులోనూ ఆ గీత దాటింది కాబట్టి రెండూ పోయాయి. అంటే సీట్లు పెరిగాయి, వాటితోపాటు ఖర్చూ పెరిగింది.

ఇంజన్లు రెండింటికీ జీఈ సీఎఫ్34 కుటుంబానివే. కానీ ఒకదానికి 8ఈ, మరొకదానికి 10ఈ. ఒకదాని ఇంజను మరొకదానికి సరిపోదు. ఇదే తరగతి ఎంబ్రాయర్లు నడిపిన చెన్నై సంస్థ పారమౌంట్ 2010లోనే ఆగిపోయింది. ఇక పొరుగు సంస్థను అడిగి సామాను సర్దుకునే వీలు కూడా లేదు.

సాంచెల కార్ఖానా నడిపేవారికి ఇది విడమరచి చెప్పనక్కర్లేదు. నాలుగు సాంచెల్లో ఒకటి ఆగితే పావు వంతు పని ఆగినట్టే. అవి రెండు రకాలైతే జాబర్‌కూ విడిభాగాలకూ రెండు లెక్కలు. సాంచె ఆగినా అద్దె మాత్రం ఆగదు.

పెద్ద ఆర్డరు, ముగింపు
2014 ఫిబ్రవరిలో సింగపూర్ వైమానిక ప్రదర్శనలో సంస్థ 50 కొత్త ఈ2 విమానాలకు ఆర్డరిచ్చింది. ఈ190-ఈ2లు 25, ఈ195-ఈ2లు 25. ఒక్కటీ చేతికి రాలేదు. 2016 ఆగస్టులో అద్దె వివాదంతో సర్వీసులు కొద్ది రోజులు నిలిచాయి. 2017 ఫిబ్రవరి 28 తర్వాత విమానం ఎగరలేదు.

మనం చూడాల్సింది
టికెట్ ధర ఒక్కటే చూస్తే సరిపోదు. ఆ సంస్థకు ఎన్ని విమానాలున్నాయి, ఎన్ని రకాలు, ఒకటి చెడితే బదులు మరొకటి ఉందా అని కూడా చూడాలి. పెళ్లికో ఆస్పత్రికో తప్పక అందుకోవలసిన ప్రయాణమైతే, రైలు టికెట్ కూడా చేతిలో ఉంచుకోవడమే మేలని మా అభిప్రాయం.