కోరంగి రేవు, హోప్ దీవి: గోదావరి ఇసుక చెప్పే చరిత్ర

నదులు నాగరికతలను పోషిస్తాయనడం లోకవిదితం. అయితే నది తెచ్చిన ఇసుకే ఒక రేవును మరుగున పడవేసి, మరొక రేవుకు రక్షణ కల్పించిన వైనం గౌతమీ సాగరసంగమ ప్రాంతంలో కనిపిస్తుంది.

పద్దెనిమిదో శతాబ్దంలో కోరంగి తూర్పు తీరంలోని ప్రముఖ రేవులలో ఒకటి. ఓడల నిర్మాణానికి, మరమ్మతులకు అది పేరు పొందింది. ఇక్కడి నుంచి తెలుగువారు పెద్దసంఖ్యలో బర్మాకు వలస వెళ్లారు. అందువల్లనే ఆ దేశంలో తెలుగువారికి ‘కోరంగీలు’ అన్న పేరు స్థిరపడింది. 1789లో సంభవించిన తుఫానులో ఉప్పెన కెరటాలు పట్టణాన్ని ముంచెత్తగా వేలాది మంది ప్రాణాలు కోల్పోయారు. 1839 నవంబరులో మరొక తుఫాను విరుచుకుపడింది. తుఫానులపై పరిశోధన చేసిన హెన్రీ పిడింగ్టన్ 1848లో ‘సైక్లోన్’ అనే పదాన్ని ప్రచారంలోకి తెచ్చాడు. ఉప్పెనల తాకిడికి నదీముఖంలో ఒండ్రు మేట వేయడం కూడా తోడై కోరంగి ప్రాభవం క్షీణించగా, వాణిజ్యం క్రమంగా కాకినాడకు తరలింది.

ఆ ఒండ్రు, ఇసుకలను సముద్ర ప్రవాహాలు ఉత్తరంగా నెట్టడంతో గడచిన రెండు శతాబ్దాలలో ఒక సన్నని ఇసుకదిబ్బ రూపొందింది. అదే సుమారు 16 కిలోమీటర్ల పొడవున వ్యాపించిన హోప్ దీవి. దాని తూర్పు అంచున బంగాళాఖాతపు కెరటాలు విరిగిపడుతుంటే, పడమట కాకినాడ అఖాతం ప్రశాంతంగా ఉంటుంది. ఓడలు లంగరు వేయడానికి అనువైన ఆ నిశ్చల జలాలే కాకినాడ రేవు అభివృద్ధికి దోహదం చేశాయి. ఆనాడు కోరంగికి లేని అడ్డుగోడ నేడు కాకినాడకు ఉన్నది.

ఈ ఏకాంత తీరం వన్యప్రాణులకూ ఆశ్రయమే. శీతాకాలం చివర ఆలివ్ రిడ్లే తాబేళ్లు రాత్రివేళ ఒడ్డుకు చేరి, ఇసుకలో గుంట తవ్వి సుమారు వంద గుడ్లు పెట్టి తిరిగి కడలిలోకి వెళ్తాయి. ఇసుక వేడిమిని బట్టి పిల్లల లింగనిర్ధారణ జరగడం విశేషం. దీవికి ఎదురుగా తీరం వెంబడి విస్తరించిన మడ అడవులను 1978లో కోరంగి వన్యప్రాణి సంరక్షణ కేంద్రంగా ప్రకటించారు. నీటిపిల్లులు, నీటికుక్కలు, వలస పక్షులు అక్కడ నివసిస్తున్నాయి.

కాకినాడ నుంచి పడవలో వచ్చే విహారయాత్రికులకు ఈ దీవి అందమైన తీరమే. కానీ గుడ్లు పెట్టే కాలంలో ఇసుకపై వెలిగే దీపం, తీరానికి దగ్గరగా తిరిగే మరపడవల వల ఆ తాబేళ్లకు ప్రాణాంతకం. అంతకుమించిన ముప్పు నది ఎగువన ఉన్నది. ఆనకట్టలు, జలాశయాలు ఒండ్రును నిలిపివేయడం వల్ల సముద్రానికి చేరే ఇసుక తగ్గింది. డెల్టా తీరం పలుచోట్ల కోతకు గురవుతున్నది. ఇసుక రాకతో పుట్టిన దీవి ఇసుక రాక తగ్గితే నిలవడం కష్టం. ఒండ్రు పేరుకొని కోరంగి రేవు మరుగున పడింది. ఒండ్రు కరువై హోప్ దీవి కరగిపోతే, ఆ నష్టం తాబేళ్లతోపాటు కాకినాడ రేవుకూ తప్పదు. కనుక దీవి రక్షణను తీరానికే పరిమితం చేయక, నదీ యాజమాన్యంలో భాగంగా పరిగణించడం అవసరం.