నింబస్, వరదగుడి: మేఘపరివేష వాచకముల చరిత్ర

నల్లమల, వెలికొండ శ్రేణుల చెంతనున్న చంద్రశేఖరపురము పేరులోనే చంద్రుడు గలడు. అతడు శివుని తలమీది నెలవంక. ఆ ప్రాంతపు రైతు మొగమెత్తి చూచెడు చంద్రుడు వేఱు. మెట్టపైరులతో, చెఱువు నిండునో నిండదో యను చింతతో కాలము గడపు ఆ సీమలో, రాత్రివేళ చంద్రుని చుట్టును వలయమేర్పడిన ఎడల "చంద్రునికి గుడి కట్టినది" అందురు. ఆ గుడి చంద్రునికి దూరముగా నున్న వాన దగ్గఱ యనియు, దగ్గఱగా నున్న వాన దూరమనియు ఒక నానుడి తెలుగుదేశమంతట వినవచ్చును. ఈ గుడినే నిఘంటువులు వరదగుడి యనియు, వరదగూడు అనియు చెప్పుచున్నవి.

ఈ పదమును గూర్చి మేము విచారింపబూనుటకు కారణము అనువాదమున గలిగిన ఒక చిక్కు. ఇంగ్లీషు నిఘంటువులో 'నింబస్' అను లాటిను పదమునకు వానమబ్బు ఒక అర్థము, దేవతామూర్తుల శిరస్సు చుట్టును చిత్రించు కాంతివలయము మఱియొక అర్థము. మన అనువాదకులు సందర్భమును బట్టి ఒకచోట 'మేఘము' అనియు, మఱియొకచోట 'ప్రభామండలము' అనియు వ్రాసి ముందునకు సాగుదురు. ఆ రెండర్థములకు నడుమ నున్న వంతెన తెలుగులోనికి రాదు. ఇంతటితో నిలిచిన నష్టము స్వల్పమే. కాని ఆకసమునందలి పరివేషమును సైతము 'ప్రభామండలము' అని వ్రాయు అలవాటు బయలుదేఱి, వరదగుడి యను మంచి మాట నిఘంటువునకే పరిమితమగుచున్నది. కావున ఈ పదముల నడక నొకసారి పరిశీలింపవలసియున్నది.

లాటినున నింబస్ అనగా మొదట గాలివాన, జడివాన. పిదప ఆ వానను మోసికొనివచ్చు నల్లమబ్బు. సంస్కృత నభశ్శబ్దమునకు లాటినునందలి నెబులా, గ్రీకునందలి నెఫోస్ సగోత్రములని భాషాశాస్త్రజ్ఞులందఱు నంగీకరించినదే. వానకు లాటినులో నింబర్ కాదు, ఇంబర్ అని పేరు. అది మన అభ్రశబ్దమునకు జ్ఞాతి. నింబస్ ఈ రెండు కుటుంబముల నడుమ నిలిచినట్లున్నది. దానిని నెబులాతో జేర్చువారును, ఇంబర్‌తో గలిసి రూపు మాఱినదనువారును గలరు.

వాన యొక్కటిగా రాదు, గుంపుగా వచ్చును. అందుచేత వర్జిల్ తన ఇనీడు కావ్యము ఏడవ సర్గమున కాల్బలపు సమూహమును నింబస్ అనెను. ఇది మనకు వింత కాదు. తెలుగున ముసురు అనగా ఎడతెగని సన్నవాన. ముసురుట యనగా చుట్టును మూగుట. ఈగలు ముసిరినవి, సేనలు ముసిరినవి అనుచున్నాము. లాటినులో మేఘము గుంపైనది. తెలుగున గుంపుగా కమ్ముటయే వానకు పేరైనదో, వానయే గుంపునకు పేరైనదో మేము నిశ్చయింపజాలము గాని, మనుష్యుని ఊహ రెండుచోట్లను ఒకే బాటను నడచినది. ఇక మార్షియల్ కవి గాజు నింబస్ అను నొక పాత్రమీద చిన్నపద్యము చెప్పినాడు. అది చిలుకరించు పాత్ర. మన పెండ్లిండ్లలోని పన్నీటిబుడ్డి వంటిదనుకొనవచ్చును.

దేవతలకు ఈ పదము సంక్రమించిన చోటు మిక్కిలి ఆసక్తికరము. ఇనీడు రెండవ సర్గమున, ట్రాయి నగరము కాలుచుండగా పల్లాసు దేవి కోటపై నిలిచి నింబసుతో వెలుగుచున్నట్లు వర్జిల్ వర్ణించినాడు. పిడుగుల మబ్బు నడుమ మెఱయుచున్న దేవత యని అర్థము చెప్పిన చాలును. కాని క్రీస్తుశకము నాలుగు, అయిదు శతాబ్దుల నాటి వ్యాఖ్యాత సెర్వియస్, ఇది దివ్యమేఘమనియు, దేవతల శిరస్సులను చుట్టుకొనియుండు ప్రవాహరూపమగు కాంతి యనియు, చిత్రకారులు నట్లే చిత్రింతురనియు వ్రాసెను. అదే చోట 'లింబో' అను పాఠాంతరము గలదనియు నతడే తెలిపెను. ఆ పాఠమున నది చీర యంచు! ఒక్క యక్షరము మాఱిన మబ్బు చెఱగగును. వ్యాఖ్యాత తన కాలపు చిత్రములను జూచి ప్రాచీనకవి మాటకు అర్థము చెప్పుట మనవారికిని తెలిసిన పద్ధతియే. సెర్వియస్ వ్రాసిన దినములకే క్రీస్తు చిత్రములయందు శిరోవలయము ప్రవేశించియుండెను. అంతకు మునుపే సూర్యదేవత ప్రతిమలయందు నది గలదు. మనదేశమున కనిష్కుని నాణెములమీది బుద్ధుని శిరస్సు చుట్టును వలయమున్నది. చిత్రము ముందు, మాట వెనుక. మబ్బునకు గల పాతపేరు చిత్రమునందలి వెలుగునకు తగిలింపబడినది.

ఏడవ శతాబ్దిలో సెవిల్ నగరపు ఇసిడోరు కూర్చిన పదవిజ్ఞానకోశమున ఇంకొక యర్థము గలదు. నింబస్ అనగా స్త్రీలు నుదుట అడ్డముగా ధరించు, బంగారము కుట్టిన నారబట్ట పట్టీ యని. మన బాసికమువంటి దొకటి. దేవదూతల తలల చుట్టును చిత్రించు వెలుగును నింబసే యనియు, సాంద్రమగు మేఘమును నింబసే యనియు నతడు చేర్చినాడు. మూడర్థములను ఒకచోట నుంచి వానిలో నొకటిని త్రోసివేయక పోవుట ఆ కోశకర్త సద్గుణము. మన నిఘంటుకర్తలకును ఇట్టి యోరిమి అవసరము.

పదునాలుగు పదునేను శతాబ్దుల చిత్రకళను దాటి ఈ మాట మరల ఆకసమునకు వచ్చినది 1802లో. లండనులో ఔషధవ్యాపారి యగు ల్యూక్ హవర్డ్ ఆ సంవత్సరము మేఘముల రూపభేదములమీద ఒక వ్యాసము చదివి, 1803లో ప్రకటించెను. సిరస్, క్యుములస్, స్ట్రాటస్ అను పేర్లతో బాటు వాన కురియు మేఘమునకు నింబస్ అను పేరు పెట్టినవాడు నతడే. కాని వానమేఘమునకు నొక్క రూపము లేదని పిదప తెలియవచ్చినది. 1930 ప్రాంతమున శాస్త్రజ్ఞులు దానిని విడివస్తువుగా విడిచి, నింబోస్ట్రాటస్, క్యుములోనింబస్ అను సమాసములలో అవయవముగా మాత్రము నిలిపిరి. ముసురు కురియు పొరమబ్బు మొదటిది, ఉఱుములతో గూడిన గోపురమువంటి మబ్బు రెండవది.

నింబసునకు తోడుగా ఇంగ్లీషులో వాడు 'హాలో' అను మాట గ్రీకునుండి వచ్చినది. దాని మూలార్థము కళ్ళము! ఎడ్లు తిరిగి తిరిగి త్రొక్కిన గుండ్రని నేల. అరిస్టాటిల్ తన వాతావరణగ్రంథము మూడవ భాగమున చంద్రసూర్యుల వలయమును ఈ పేరనే విచారించి, అది చిక్కబడిన వాన యనియు, విఱిగిన గాలి యనియు, మాసిపోయిన నిర్మలమనియు వ్రాసెను. నడుమ గుంజ పాతి దాని చుట్టును ఎడ్లను త్రిప్పిన చంద్రశేఖరపురపు రైతు ఈ మాటను వినిన వెంటనే తల యూపును. ఐనను తెలుగువాడు ఆ వలయమును కళ్ళమనలేదు.

సంస్కృతమున అమరసింహుడు పరివేషము, పరిధి, ఉపసూర్యకము, మండలము అను నాలుగు పేర్లు చెప్పెను. చుట్టుట యను భావమే వీనిలో మిక్కిలి. పరివేషణ మనగా అన్నము వడ్డించుట గూడ; పంక్తి చుట్టును తిరుగుట కాబోలు. ఆఱవ శతాబ్దివాడగు వరాహమిహిరుడు బృహత్సంహితలో పరివేషమునకు ఒక అధ్యాయమునే కేటాయించినాడు. సన్నని మబ్బుగల ఆకసమున సూర్యచంద్రుల కిరణములు గాలిచేత మండలాకారమును పొందుననెను. సన్నని మబ్బు ఉండవలెనని అతడు గుర్తించుట గమనింపదగినది. నెమలిమెడవన్నె యైన అతివృష్టి, బహువర్ణమైన రాజునకు చావు, పొగవన్నె యైన భయము అని ఫలములు చెప్పుటలో నతడు దైవజ్ఞుడు. మబ్బును పట్టుకొనుటలో పరిశీలకుడు.

ఇక తెలుగు గుడికి వత్తము. గుడి యనగా దేవాలయము, వలయము, ఇత్వపు గుర్తు. దేవాలయార్థము తమిళ కుడి, కన్నడ గుడి పదములతో బాటు ఇల్లు అను మూలార్థమునకు చేరునని చెప్పుటయందు చిక్కు లేదు. చంద్రుడు దేవుడు గనుక అతని చుట్టు వలయము ఆలయమైనదని చెప్పిన వినుటకు సొంపుగా నుండును. మేము దీని నంగీకరింపము. అక్షరముల గుర్తుల పేర్లను చూడుడు. తలకట్టు, గుడి, కొమ్ము, వట్రుసుడి: ఇవి ఆకారమును బట్టి వచ్చినవి. ఎత్వము, ఒత్వము ధ్వనిని బట్టి వచ్చినవి. తలకట్టు పాగా వలె, కొమ్ము కొమ్మువలె నున్నపుడు గుడి మాత్రము దేవాలయము వలె నుండవలెను గదా! అట్లు లేదు. అక్షరము తలపై నున్న వలయమే అది. పాత తెలుగు-కన్నడ లిపిలో నది మఱింత నిండైన వలయము. కావున వలయార్థకమగు గుడి వేఱు. గుండ్రము, గుడుసు అను మాటలు దాని బంధువులు. ఇల్లు అను అర్థముగల గుడితో అది ధ్వనిలో గలిసిపోయినది. నల్లమలలో చెంచుల గుడిసె గుండ్రముగా నుండుట ఈ రెండింటి కలయికకు తోడ్పడియుండునేమో! ఈ చివరిమాట ఊహ మాత్రమే.

వరదగుడిలోని మొదటి భాగము ఇంతకంటె విలువైనది. వలయమునకు వరదను ముందు చేర్చినవాడు చిత్రకారుడు కాడు, వ్యాఖ్యాత కాడు; విత్తనము చేతబట్టుకొని ఆకసము చూచినవాడు. లాటిను పదము మబ్బునందు పుట్టి వెలుగునకు పోయి, తన నీటిని మఱచినది. తెలుగు పదము వలయమునందు పుట్టి నీటిని చేర్చుకొన్నది.

ఆ చేర్చుకొనుటలో శాస్త్రమును గలదు. ఎత్తైన పలుచని సిరోస్ట్రాటస్ మబ్బులోని ఆఱుమూలల మంచుపలుకులు వెలుగును వంచగా, చంద్రునినుండి 22 డిగ్రీల దూరమున పెద్ద వలయమేర్పడును. చేయి చాచి జానెడు పట్టి చూచిన దాదాపు ఆ కొలత వచ్చును. చంద్రుని నంటియున్న చిన్నవలయము వేఱు. అది నీటితుంపరల పనియే గాని మంచుది కాదు. వాయుగుండమునకు ముందు నడచునది పెద్దవలయపు మబ్బు. కావున "దూరపు గుడి, చేరువ వాన" అనువారు రెండు వేర్వేఱు వస్తువులను విడదీసి చూచినవారే. ప్రతి గుడికిని వాన వచ్చునని కాదు. మంచుమబ్బు వానమబ్బు లేకయు రావచ్చును. ఐనను అరిస్టాటిల్, వరాహమిహిరుడు, మన రైతు ముగ్గురును ఒక్క మబ్బునే చూచిరి.

ఇక్కడనే చంద్రశేఖరపురము మండలములోని భైరవకోన జ్ఞాపకమునకు వచ్చును. కొండను తొలిచిన ఎనిమిది శివాలయములు ఒకచోట నున్న తావు అది, జలపాతము పక్కనే. కార్తిక పూర్ణిమనాటి రాత్రి చంద్రకిరణములు అమ్మవారి మూర్తిపై పడునని భక్తులు చెప్పుకొందురు. అందుకై జనము చేరుదురు. కార్తికము బంగాళాఖాతమున వాయుగుండములు పుట్టు కాలము గూడ. ఆ రాత్రి చంద్రునికి గుడి కట్టిన, లోపల నున్నవారు కిరణమును చూచుచుండగా వెలుపల నున్న రైతు గుడి కొలతను చూచును. ఇద్దఱును మ్రొక్కుదురు.

మూర్తుల వెనుకనున్న వలయమునకు తెలుగువారు వరదగుడి యనలేదు. దానికి శిరశ్చక్రము, ప్రభామండలము, ప్రభావళి అను సంస్కృతపు పేర్లే నిలిచినవి. కాని ప్రభ అను మాట తెలుగునేలపై మఱియొక దారిని పట్టినది. కోటప్పకొండ శివరాత్రి తిరునాళ్ళకు బండ్లపై నిలిపి తెచ్చు ఎత్తైన అలంకృతమగు కట్టడము ప్రభ. కోనసీమ జగ్గన్నతోటలో సంక్రాంతినాటి తీర్థమున జేరునవియు ప్రభలే. దేవుని వెనుకనుండవలసిన వెలుగు వెదురుబద్దలతో కట్టబడి, బట్టలు చుట్టుకొని, వీధిలోనికి వచ్చినది. ప్రభావళినుండి ఈ ప్రభ వచ్చినదని మేము తలంచుచున్నాము. లాటినులో మబ్బు వెలుగైనట్లు, ఇచ్చట వెలుగు వస్తువైనది. అట్లయ్యును అది వానమబ్బుతో ఏనాడును కలియలేదు. ఆకసపు వలయమునకు ఒక మాట, మూర్తి వలయమునకు మఱియొక మాట అను విభాగమును తెలుగువారు వందల ఏండ్లు నిలిపికొనిరి.

2021 జూన్ 2వ తేదీన హైదరాబాదున సూర్యుని చుట్టును పెద్ద వలయము కనబడినది. జనము మేడలెక్కి చూచిరి, ఛాయాచిత్రములు పంచుకొనిరి. ఆనాటి వార్తలలో వలయము, ఇంద్రధనుస్సు అను మాటలు కనబడినవి. ఇంద్రధనుస్సు సూర్యునికి ఎదుటిదిక్కున నుండునది. ఈ వలయము సూర్యుని చుట్టునే యుండునది. ఆ పేరు పొరపాటే. సరియైన పేరు సూర్యునికైనను వరదగుడియే.

కావున పారిభాషికపదములు కూర్చువారికి మా మనవి ఇది. వాతావరణశాస్త్రమున హాలోకు వరదగుడి యనవలెను; శాస్త్రగ్రంథమున సంస్కృతము కోరువారికి పరివేషము గలదు. శిల్పచిత్రములయందలి నింబసునకు ప్రభామండలము, శిరశ్చక్రము చాలును. నింబోస్ట్రాటసునకు ముసురుమబ్బు కంటె మంచి మాట మాకు తోచలేదు. ఇక వర్జిల్ కావ్యమున పల్లాసు నిలిచిన ఆ చోటు మిగిలినది. అచ్చట ప్రభామండలమని వ్రాసిన సెర్వియస్ పక్షము, మేఘమని వ్రాసిన అతనికంటె పూర్వుల పక్షము. మాకు రెండవదే నచ్చినది. కోట కాలుచున్నది, దేవి కోపించియున్నది. ఆమె చుట్టునున్నది మెఱుపుతో గూడిన కారుమొయిలు.