ముల్లు గుచ్చుకుంటే: ప్రథమ చికిత్స, జాగ్రత్తలు

జగ్గయ్యపేట, నందిగామ మెట్ట ప్రాంతాల్లో (ఉమ్మడి కృష్ణా, 2022 నుంచి ఎన్టీఆర్ జిల్లా) పత్తి, మిరప చేల గట్ల మీద, బంజర్లలో, వాగుల ఒడ్డున సర్కారు తుమ్మ, రేగు, ఈత ముళ్లు గుచ్చుకోవడం మామూలే. సర్కారు తుమ్మ ముల్లు హవాయి చెప్పును కూడా దాటుకుని కాలిలో దిగుతుంది. ముల్లు తీసేసి పనిలో పడిపోతే మాత్రం ఒక్కోసారి ప్రాణం మీదకు వస్తుంది.

ప్రమాదం ఎందుకు?

ముల్లు గాయం పైకి చుక్కంత కనిపించినా లోతుగా ఉంటుంది. ధనుర్వాతం కలిగించే క్రిమి మట్టిలోను, పశువుల పేడలోను ఉంటుంది. ముల్లుతో లోపలికి చేరి, గాలి తగలని చోట పెరుగుతుంది. లక్షణాలు సాధారణంగా 3 నుంచి 21 రోజుల్లో బయటపడతాయి. అప్పటికి గాయం మానిపోయి ఉండవచ్చు.

వెంటనే ఏం చేయాలి?

1. చేతులు కడుక్కుని, గాయాన్ని సబ్బుతో, ధారగా పడే నీటితో బాగా కడగాలి.
2. ముల్లు కొన బయటికి కనిపిస్తే శుభ్రమైన పట్టకారుతో, దిగిన దారిలోనే నిదానంగా లాగాలి. మొన విరిగిందేమో చూడాలి.
3. మళ్లీ కడిగి, పొడి గుడ్డ కట్టాలి.
4. ధనుర్వాతం టీకా వేయించుకుని 5 ఏళ్లు దాటినా, ఎప్పుడు వేయించుకున్నారో గుర్తులేకపోయినా, ఆ రోజే దగ్గరలోని ప్రాథమిక ఆరోగ్య కేంద్రానికి వెళ్లండి.

చేయకూడనివి

సూదితో, బ్లేడుతో కెలకవద్దు. జిల్లేడు పాలు, సున్నం, పేడ పెట్టవద్దు, వాత పెట్టవద్దు. జిల్లేడు పాలు కంట్లో పడితే చూపు దెబ్బతింటుంది. కంట్లో గుచ్చుకున్న ముల్లును మీరు లాగవద్దు.

ఆసుపత్రికి ఎప్పుడు?

• ముల్లు లోపల విరిగినా, కీలు దగ్గర దిగినా. ముల్లు ముక్క మామూలు ఎక్స్‌రేలో కనిపించకపోవచ్చు, స్కానింగ్ అవసరం కావచ్చు. ఏ ముల్లో డాక్టరుకు చెప్పండి.
• వాపు, ఎరుపు, చీము, జ్వరం ఉంటే.
• షుగరు ఉన్నవారు చిన్న గాయమైనా చూపించుకోవాలి. కాలికి స్పర్శ తగ్గితే ముల్లు దిగినా తెలియదు.
• దవడలు పట్టేసినా, మెడ బిగుసుకున్నా, మింగలేకపోయినా వెంటనే 108కు ఫోన్ చేయండి.

ముల్లా, పామా?

చీకట్లో, గడ్డిలో ఏదో గుచ్చుకుని ముల్లు కనిపించకపోతే పాము కాటే అనుకుని, నడవకుండా, కాలు కదపకుండా 108 సాయంతో ఆసుపత్రికి చేరండి. కట్లపాము కాటు నొప్పి లేకుండానే ఉండవచ్చు.

కంప కొట్టేటప్పుడు మందపు అడుగున్న బూట్లు, తోలు చేతి తొడుగులు వేసుకోండి. కొట్టిన కంపను నడిచే దారిలో వదలకండి. పనులు మొదలుకాక ముందే ఇంటిల్లిపాదీ, కూలీలూ టీకా ఎప్పుడు వేయించుకున్నారో అడిగి రాసిపెట్టుకోండి.