పటం కథ

తెలంగాణ పల్లెల్లో బొమ్మ, పాట, అభినయం ఒక్కటై సాగే కథాగాన కళ పటం కథ. పొడవాటి చిత్రపటాన్ని జనం ముందు వేలాడదీసి, కర్రతో ఒక్కో ఘట్టం చూపుతూ, కథకుడు పాటా వచనమూ కలిపి ఒక కులం పుట్టుక చెబుతాడు.

బొమ్మ చూపి కథ చెప్పడం మన దేశంలో పాత విద్య. విశాఖదత్తుడి ముద్రారాక్షసంలో చాణక్యుడి గూఢచారి యముడి బొమ్మలున్న యమపటం పట్టుకుని పాడుతూ ఇళ్లలోకి వెళ్తాడు. 7వ శతాబ్దిలో బాణుడు హర్షచరితంలో అంగడివీధిలో పుల్లతో పరలోకపు బొమ్మలు చూపేవాణ్ని, అతని చుట్టూ మూగిన పిల్లల్ని వర్ణించాడు. తెలంగాణలో ఈ విద్య కులపురాణాలకు వాహకమైంది. ఈ కళ అసలు బలం అదే.

పద్మశాలీలకు కూనపులివారు మార్కండేయ పురాణం చెబుతారు. తామర తూడుల నుంచి దారం తీసి బట్ట నేసిన భావనారుషి, ఆయన పులి, సూర్యుడి కూతురు భద్రావతితో ఆయన పెళ్లి అందులోవే. ముదిరాజులకు కాకి పడగలవారు భారత కథలు, గౌడులకు గౌడ జెట్టీలు గౌడ పురాణం వినిపిస్తారు. మాదిగలకు డక్కలివారు చెప్పే జాంబ పురాణంలో వారి మూలపురుషుడు జాంబవుడు భూమి కన్నా ఆరు నెలల ముందే పుట్టాడు. ఊరు తక్కువగా చూసిన కులానికి సృష్టిలో తొలి చోటిచ్చిన ఈ కథను మన సాహిత్య చరిత్రలు ఇంకా శ్రద్ధగా చదవాలి. వినే కులం మీద కథకుడికి వంశపారంపర్య హక్కుంటుంది. ధాన్యమో డబ్బో ఆ కులమే ఇస్తుంది.

పటం రాసేది నకాషీలు. వారి ప్రధాన కేంద్రం చేర్యాల, 2016 నుంచి సిద్దిపేట జిల్లాలో ఉంది. ఖాదీ గుడ్డకు చింతగింజల అంబలి, సుద్ద, జిగురు పట్టించి, ఎర్రటి నేపథ్యం మీద బొమ్మలు వేస్తారు. వెడల్పు సుమారు మూడడుగులు. పొడవు ముప్పై అడుగులు దాటేవి చాలా ఉన్నాయి. మొదట వినాయకుడు. ఆ తర్వాత కథ పైనుంచి కిందికి గడులు గడులుగా దిగుతుంది. చిత్రకారుడు కథకుడు కాకపోయినా కథంతా తెలిసుండాలి, లేకపోతే గడి తప్పుతుంది. చిరిగి పాతబడిన పటాన్ని పూజ చేసి నీటిలో కలిపేవారు. అందుకే పాత పటాలు అరుదు.

సినిమా, టీవీ వచ్చాక, పోషించే కులాలు పట్నాలకు వలసపోయాక ఆట తగ్గింది. నకాషీలు ఒక్కో ఘట్టాన్ని ఫ్రేముకు తగ్గట్టు విడిగా రాయడం మొదలుపెట్టారు. బతుకుతెరువుకు అది అవసరమే. చేర్యాల చిత్రాలకు భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. కథకుడికి మాత్రం అలాంటి మార్కెట్ దొరకలేదు. మహారాష్ట్ర సింధుదుర్గ్ జిల్లా పింగుళిలో ఠాకర్ ఆదివాసీల చిత్రకథి కూడా ఇదే కుదురు కళ. దాన్ని, తోలుబొమ్మలాటను నిలబెట్టిన పరశురామ్ గంగావణేకు 2021లో పద్మశ్రీ ప్రకటించారు. అక్కడ బొమ్మనూ పాటనూ కలిపే కాపాడారు. చేర్యాల పటాల వెనక ఉన్న కూనపులి, డక్కలి గొంతులకూ ఆ పని జరగాల్సి ఉంది.