జఫరాబాద్ ఎక్కడుందో చెప్పగలరా?

మదనపల్లె బస్టాండులో నిలబడి జఫరాబాద్‌కు బస్సు ఎన్ని గంటలకని అడిగి చూడండి. ఎగాదిగా చూస్తారు. అదే గుర్రంకొండ అనండి, చెయ్యెత్తి చూపిస్తారు. రెండూ ఒకటే ఊరు. టిప్పూ సుల్తాన్ జమానాలో గుర్రంకొండ ఖిలాలో టంకశాల ఉండేది. అక్కడ పోసిన రాగి పైసల మీద ఒక పక్క ఏనుగు, రెండో పక్క ఫార్సీ అక్షరాల్లో జఫరాబాద్. జఫర్ అంటే ఫతే, విజయం. సుల్తాన్ పెట్టిన పేరు అది.

ఈ ఒక్క ఖిలానే కాదు. మన సీమలోనే గుత్తిని ఫైజ్ హిసార్ చేశాడు. చిత్రదుర్గం ఫర్రుఖ్‌యాబ్ హిసార్ అయింది, దిండిగల్ ఖాలిఖాబాద్ అయింది. వీటిలో చాలావరకు ఫౌజు ఉండే ఖిలాలే. ఇవాళ్టి మాటల్లో చెప్పాలంటే మిలిటరీ స్థావరాలు. ఊళ్ళతోనూ ఆగలేదు. నెలల పేర్లు మార్చాడు, నాణేల పేర్లు మార్చాడు, మౌలూదీ అని కొత్త సనా మొదలుపెట్టి తారీఖు అంకెల్ని కుడినుంచి ఎడమకు రాయించాడు.

గుర్రంకొండ ఆ ఖాందాన్‌కు పరాయి ఊరేమీ కాదు. హైదర్ అలీ బావమరిది, అంటే టిప్పూకు సొంత మేనమామ, మీర్ రజా అలీ ఖాన్ మక్బరా అక్కడే ఉంది. హైదర్ కన్నుమూసింది కూడా మన జిల్లాలోనే. 1782 డిసెంబరు 7న చిత్తూరు దగ్గర నరసింగరాయనిపేట ఫౌజీ డేరాలో ఇంతఖాల్ అయ్యారు. ఇంత రిష్తా ఉన్న ఊరికి సుల్తాన్ ముచ్చటపడి పెట్టిన పేరు పైసల మీదే మిగిలింది. అవామ్ నాలుక మీదికి ఎక్కలేదు. 1799లో శ్రీరంగపట్నం పడ్డాక ఖిలా నిజాం చేతికి, 1800లో కంపెనీ చేతికి పోయింది. అప్పటికి జఫరాబాద్ అని అడిగేవాడే లేడు. జనం మాత్రం ఖిలాను కాపాడే గుర్రం కథే చెప్పుకున్నారు. ఆ గుర్రం కొండమీద ఉన్నంతకాలం ఖిలా పడదట. ఒక మరాఠా దొంగ కొండెక్కి దాన్ని దించుకుపోబోయి పట్టుబడ్డాడట గానీ, మహిమ పోయిందట. నిజమో కాదో గానీ, కథ ఉన్న పేరును హుకుం తీసెయ్యలేకపోయింది.

ఇదంతా ఎందుకంటే, మన మహఫిళ్ళలో పేర్ల సంగతి వస్తే 2018లో అలహాబాద్ ప్రయాగ్‌రాజ్ కావడం, 2023లో ఔరంగాబాద్ శంభాజీనగర్ కావడం గురించి మాట్లాడుకుంటాం. దిల్ దుఖ్‌తా హై, సరే. హైదరాబాద్‌ను భాగ్యనగర్ చేస్తామని ఎన్నికల జల్సాల్లో విన్నప్పుడు నాకూ కడుపు మండుతుంది. కానీ టిప్పూ చేసింది షాన్, వీళ్ళు చేసేది జుల్మ్ అంటే ఇన్సాఫ్ కాదు. హుకూమత్ ఎవరిదైనా పేర్ల మీద దానికి షౌఖ్ ఉంటుంది. కడపలో గోల్కొండ సర్దార్ నేక్‌నామ్ ఖాన్ తన పేరుతో నేక్‌నామాబాద్ అన్నాడు. ఇంగ్లీషువాళ్ళు కడప స్పెల్లింగును నోరు తిరగకుండా రాస్తే, 2005లో గానీ సరికాలేదు. 2010లో జిల్లా పేరు వైఎస్సార్ అయింది, 2025లో దాని పక్కకు కడప తిరిగొచ్చింది.

ఔరంగాబాద్‌లాంటి చోట బాధ వేరు. అక్కడ పేరుతోపాటు ఉండేవాళ్ళకు ఒక మాట వినిపిస్తున్నారు: ఈ ఊరు మీది కాదు అని. ఆ ఫరఖ్ చెప్పాలి. అయితే టిప్పూను దాచిపెట్టి చెప్పకూడదు.

అన్ని మార్పులూ చెడ్డవని కూడా అనను. దత్తమండలాలు అన్న పేరు నిజాం మనల్ని కంపెనీకి ధారపోసిన నిశానీ. 1928లో నంద్యాల సభలో చిలుకూరి నారాయణరావు రాయలసీమ అన్నారు. అది నిలబడింది, ఎందుకంటే జనానికి కావాల్సిన పేరు అది. మా పక్క వాయల్పాడు కాగితాల్లో వాల్మీకిపురం, నోళ్ళల్లో వాయల్పాడే. 2022లో తిరుపతి కొత్త జిల్లాకు మొదట శ్రీ బాలాజీ అని ముసాయిదా ఇచ్చారు, చివరికి తిరుపతి జిల్లా అన్నారు. ఏడుకొండలవాడి ఊళ్ళో బాలాజీ అన్న మాట ఉత్తరాది యాత్రికులదే ఎక్కువ. ఎన్టీఆర్ 1985లో తాలూకాలు, ఫిర్కాలు తీసేసి మండలాలు పెట్టినప్పుడు తహసీల్దారు ఎమ్మార్వో అయ్యాడు. కొన్నాళ్ళకు సర్కారే తహసీల్దార్ అన్న అరబ్బీ, ఫార్సీ మాటను తిరిగి తెచ్చుకుంది. జిల్లా అన్న మాట కూడా అరబ్బీదే. దాని జోలికి ఇంకా ఎవరూ పోలేదు!

అమెరికాలో ఇంకో తమాషా. ఫోర్ట్ బ్రాగ్ అనే పెద్ద సైనిక స్థావరానికి బానిసత్వం కోసం పోరాడిన పక్షపు జనరల్ పేరుండేది. 2023లో దాన్ని ఫోర్ట్ లిబర్టీ చేశారు. 2025లో మళ్ళీ బ్రాగ్ అన్నారు. ఈసారి ఆ బ్రాగ్ వేరే మనిషట, రెండో ప్రపంచ యుద్ధపు సిపాయట.

టిప్పూ కాలానికీ ఇప్పటికీ ఉన్న అస్లీ ఫరఖ్ కాగజ్. అప్పుడు పేరు పైస మీద ఉండేది, ఇష్టం లేకపోతే పలకక్కర్లేదు. ఇప్పుడు ఆధార్, రేషన్ కార్డు, పాస్‌పోర్టు, పొలం పాసుపుస్తకం. మదనపల్లెలో ఒకే ఇంట్లో ఉన్న ఖాందాన్‌ను తీసుకోండి. 1911కి ముందు పర్‌దాదా కాగితంలో కడప జిల్లా. అబ్బాజాన్ సర్టిఫికెట్లో చిత్తూరు జిల్లా. 2022 ఏప్రిల్ తర్వాత పుట్టిన మనవరాలికి అన్నమయ్య జిల్లా. ఎవరూ ఇల్లు కదల్లేదు. అస్సాంలో ఎన్నార్సీ నడిచినప్పుడు పేర్లలో అక్షరం తేడాకే మనుషులు ట్రిబ్యునళ్ళ చుట్టూ తిరిగారు. అందుకే చెబుతున్నా, పాత కాగితాలు చింపకండి. జిల్లాల విభజన జీవో నకలొకటి తీసి వాటితోపాటే అదే కవరులో పెట్టండి.